మత్తడి దూకనివ్వు తమ్ముడూ

ప్రశ్న: అక్కా, నమస్తే. నాకు 41 ఏళ్లు. మాది సూర్యాపేట దగ్గర పల్లె. ఉద్యోగం వల్ల పుణెలో ఉంటున్నాం. ఈ జనవరి 24న మా అమ్మ గుండెపోటుతో చనిపోయింది. పెద్దకొడుకుని, తలకొరివి నేనే పెట్టాను. కట్టెలు వచ్చాయా, డప్పులవాళ్లకు చెప్పారా, దూరం నుంచి వచ్చినవాళ్లు తిన్నారా అన్న టెన్షన్‌లోనే ఆ రోజంతా గడిచిపోయింది. ఒక్క చుక్క కన్నీరు రాలేదు. మా మేనత్త అమ్మ మీద పడి శోకాలు పెడుతుంటే, నిజం చెప్పాలంటే, చిరాకు వేసింది. ఇప్పుడు ఆ శోకాల్లో ఒక్క మాటే గుర్తుంది. "పొద్దుగాల సాన్పి సల్లే చెయ్యేది వదినె" అంది, పొద్దున్నే వాకిట్లో కళ్లాపి చల్లే ఆ చెయ్యి ఏది అని. రోజూ అదే చెవుల్లో తిరుగుతోంది.

ఏడు నెలలైంది. రాత్రి అందరూ పడుకున్నాక ఫోన్‌లో అమ్మ మీద కవితలు, బాధ మీద కొటేషన్లు వెతుక్కుని చదువుతున్నాను. గొంతు పట్టేస్తుంది, కాస్త తేలికగానూ ఉంటుంది. ఒక్కోసారి రెండు దాటిపోతుంది. నా భార్య "ఆ ఏడుపు రాతలు చదివి చదివి ఇంకా దిగాలు పడిపోతున్నావు, మానెయ్" అంటోంది. మనుషులు వచ్చి ఎంత ఓదార్చినా ఒక్క మాటా అంటలేదు, ఎవరో తెలియనివాళ్లు రాసినవి మాత్రం తగులుతున్నాయి. ఇది తప్పా? దుఃఖానికి ఐదు దశలుంటాయని నెట్‌లో చదివాను. నాకు కోపం దశ రానేలేదు, ఎక్కడో ఇరుక్కుపోయానా? ఊరి నుంచి అమ్మ క్యాలెండర్ తెచ్చుకున్నాను. జనవరి కాగితం మీద పాల లెక్క రాసుకుంది. 13 నుంచి 17 దాకా రెండు లీటర్లు, మిగతా రోజులన్నీ అర లీటరు. 23తో ఆగిపోయింది. ఆ కాగితం తిప్పలేకపోతున్నాను. ఒక్కోసారి అమ్మ దగ్గరికే వెళ్లిపోతే బాగుండు అనిపిస్తుంది. ఏదైనా చెప్పండి.

సమాధానం:

తమ్ముడూ,

అక్కా అని పిలిచావు, అందుకే మీరు అనకుండా రాస్తున్నాను. నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మూడోసారి పాల లెక్క దగ్గర ఆగిపోయాను. 13 నుంచి 17 దాకా రెండు లీటర్లు. ఎందుకో నువ్వు రాయలేదు, రాయక్కర్లేదు కూడా. సంక్రాంతికి మీరంతా వెళ్లిన రోజులవి. 18న మళ్లీ అర. మీ బండి ఊరి పొలిమేర దాటాక మర్నాడు ఆవిడ గోడ దగ్గర నిలబడి ఆ "అర" రాసుకుని ఉంటుంది. అర్ధరాత్రి నువ్వు ఫోన్‌లో వెతుక్కుంటున్న కవితలు ఎలాంటివో నాకు తెలుసు. వాటిలో ఏదీ నన్ను ఇంతగా పట్టుకోలేదు. ఈ సంగతికి మళ్లీ వస్తాను.

ముందు నువ్వు అడిగినదానికి జవాబు. చదవడం తప్పు కాదు. చదివితే లోపల ఉన్నదే కదులుతుంది, లేనిది కొత్తగా వచ్చి చేరదు. మీ ఆవిడకు ఆ కదలడం పెరగడంలా కనిపిస్తోంది. పక్కన పడుకున్న మనిషి అర్ధరాత్రి ఫోన్ వెలుగులో కళ్లు తుడుచుకుంటుంటే ఎవరికైనా భయం వేస్తుంది.

మన భాషలో గుండె చెరువైంది అనే మాట ఉంది. పుట్టినప్పటి నుంచీ వింటున్నాం కాబట్టి దాన్ని తరచి చూడం. చెరువుల కింద బతికినవాళ్లు అన్న మాట అది. చెరువు నిండితే ఏమవుతుందో నాకంటే నీకే బాగా తెలుసు. మత్తడి దూకుతుంది. మా వైపు అలుగు పారింది అంటాం. నీళ్లన్నీ పోతున్నాయని ఎవరైనా మత్తడి మీద ఇసుక బస్తాలు పేర్చారనుకో, రెండు రోజులు చెరువు నిండుగా, అందంగానే ఉంటుంది. తర్వాత ఒక పెద్ద వాన పడిందంటే కట్ట తెగుతుంది. మత్తడి దూకినంత మాత్రాన చెరువు ఎండిపోదు తమ్ముడూ. పైనున్న నీళ్లు పోతాయి, చెరువు చెరువులాగే ఉంటుంది. ఏడిస్తే అమ్మ ఎక్కడ తరిగిపోతుందో అని చాలామంది లోపల్లోపల భయపడతారు, పైకి చెప్పరు. అలా తరిగిపోదు.

ఈ పోలిక నాది కాదు. 8వ శతాబ్దంలోనే భవభూతి రాసి పెట్టాడు. ఉత్తరరామచరితం 3వ అంకంలో, సీతను వదిలేసిన పన్నెండేళ్లకు రాముడు మళ్లీ పంచవటికి వస్తాడు. ఒకప్పుడు ఇద్దరూ తిరిగిన చెట్లు, రాళ్లు చూసి తట్టుకోలేకపోతాడు. అక్కడ వస్తుంది ఆ శ్లోకం. పొంగిపోయే చెరువుకు నీళ్లు బయటికి వదలడమే మందు, శోకంతో కలత పడిన గుండెను నిలబెట్టేది ప్రలాపాలే అని దాని భావం. కన్నీళ్లు అనలేదు చూడు, ప్రలాపాలు అన్నాడు. అంటే ఏడుస్తూ పలికే మాటలు. మాట లేకుండా ఏడుపు సగమే బయటికి వస్తుందని ఆ కవికి తెలుసు.

నీకు ఆ రోజు ఏడుపు రాలేదన్నావు. మా నాన్నకూ రాలేదు.

మాది తెనాలి దగ్గర పల్లె. మా నాయనమ్మ పోయినప్పుడు నాకు పదకొండేళ్లు. నాన్న కూడా పెద్దకొడుకే. కుండ భుజాన పెట్టుకుని చితి చుట్టూ తిరిగి, ఇంటికి వచ్చి స్నానం చేసి, పెద్ద ఖర్మ రోజు భోజనాలకు ఎన్ని విస్తళ్లు కావాలో లెక్క వేయడం మొదలుపెట్టాడు. "గుండె రాయి చేసుకున్నాడు" అని కొందరు, "వాడికి మొదటి నుంచీ అంతే" అని కొందరు అనుకున్నారు. నాయనమ్మ పేరు కూడా ఎత్తేవాడు కాదు. ఎవరైనా ఎత్తితే లేచి గొడ్ల దగ్గరికి వెళ్లిపోయేవాడు.

ఆ ఏడాది శ్రీరామనవమి పందిట్లో హరిశ్చంద్ర నాటకం వేశారు. నన్ను తీసుకెళ్లాడు. చాప మీద పడుకుని మధ్యలో నిద్రపోయాను. తెల్లవారుజామున హార్మోనియం గట్టిగా వినిపించి మెలకువ వచ్చింది. కాటిసీను నడుస్తోంది. హరిశ్చంద్రుడి వేషంలో ఉన్నాయన చేతిలో కర్ర, భుజాన గొంగళి. జాషువా గారి పద్యం ఎత్తుకున్నాడు. ఎన్నేళ్లు గడిచిపోయినా ఈ శ్మశానంలో కన్ను మూసినవాడు ఒక్కడైనా లేచి రాలేదు కదా అనే పద్యం. నేను నాన్న వైపు చూశాను. కండువా కొస నోట్లో కుక్కుకుని ఉన్నాడు. చప్పుడు లేదు, భుజాలు మాత్రం అదురుతున్నాయి. పద్యం అయిపోగానే జనం వన్స్ మోర్ అని అరిచారు. ఆ నటుడు మళ్లీ మొదటి నుంచి ఎత్తుకున్నాడు. నాన్న మళ్లీ ఏడ్చాడు. చుట్టూ చూస్తే చాలామంది మగవాళ్ల కండువాలు ముఖాల మీదే ఉన్నాయి. వన్స్ మోర్ అన్నది పద్యం కోసం ఒక్కటే కాదని పెద్దయ్యాక అర్థమైంది.

ఆ నాటకం బలిజేపల్లి లక్ష్మీకాంతం గారిది. శ్మశానం మీది ఆ పద్యాలు మాత్రం గుర్రం జాషువా గారు విడిగా రాసుకున్న ఖండికలోవి. నటులు వాటిని తెచ్చి కాటిసీనులో పెట్టుకున్నారు, జనం వదల్లేదు. హరిశ్చంద్ర అంటే ఆ పద్యాలు పాడాల్సిందే అన్నట్టు అయిపోయింది. వాటిలో ఓదార్పు మాట ఒక్కటీ లేదు చూడు. స్వర్గం ఉందనలేదు, మళ్లీ కలుస్తారనలేదు, కాలమే మాన్పుతుందనలేదు. పోయినవాళ్లు రారు అని ఉన్నదున్నట్టు చెప్పారు. అయినా ఆ మర్నాడు పొద్దున పళ్లు తోముకుంటూ నాన్న, "అమ్మ ఉంటే నాటకం చూసి మధ్యాహ్నం దాకా పడుకునేది" అన్నాడు. ఆవిడ పోయాక ఆవిడ గురించి నాన్న అన్న మొదటి మాట అది. వంటింట్లో అమ్మ చేతిలో గరిటె అలాగే ఆగిపోయింది.

మనుషుల మాటలు అంటలేదు, తెలియనివాళ్లు రాసినవి తగులుతున్నాయి అన్నావు. దాని గురించి చాలాసార్లు ఆలోచించాను, నాకూ అదే జరిగింది కాబట్టి. మా అక్క పోయి ఆరేళ్లు. పరామర్శకు వచ్చినవాళ్లు నీతో ఏమన్నారో నేను చెప్పగలను. పోయినవాళ్లతో మనమూ పోతామా అని ఉంటారు. అదృష్టవంతురాలు, మంచాన పడకుండా వెళ్లిపోయింది అని ఉంటారు. నువ్వే ఇలా అయిపోతే పిల్లలు ఏం కావాలి అని ఉంటారు. వాళ్లు చెడ్డవాళ్లు కారు. రైళ్లెక్కి, బస్సులెక్కి వచ్చారు. కానీ ఆ మాటలన్నీ దుఃఖాన్ని ఆపడానికి అనేవి. ఎదుటి మనిషి ఏడిస్తే చూడలేక, త్వరగా ముగించడానికి అనేవి. ఇసుక బస్తాలే అవి కూడా.

నాకు అంటిన మాట ఏదో చెప్తాను. అక్క పోయిన నెల తర్వాత కూరగాయలకు వెళ్తే, మా వీధి చివర కూర్చునే వంకాయల ఆవిడ నన్ను చూసి, "మీ అక్క ఒక్కొక్క కాయ తిప్పి తిప్పి చూసేదమ్మా, నాకు కోపం వచ్చేది. ఇప్పుడు అలా చూసేవాళ్లే లేరు" అంది. నేను ఆ సంచి అక్కడే పెట్టేసి రోడ్డు మీద ఏడ్చాను. ఆవిడ ఓదార్చలేదు. కాసేపు చూసి, కాయలు తూచి సంచిలో వేసి, నా చేతికి ఇచ్చింది. అక్క మంచిది అని వంద మంది అన్నారు. మంచివాళ్లు లోకంలో కోట్ల మంది. వంకాయను అలా తిప్పి చూసే మనిషి మాత్రం మా అక్క ఒక్కతే. ఆవిడ నాకు మా అక్కను చూపించింది.

నీ మేనత్త చేసిందీ అదే. అందుకే ఆ రోజు మాట్లాడిన అందరి మాటలూ చెరిగిపోయి ఆ ఒక్కటే చెవిలో మిగిలింది. పొద్దున్నే సాన్పి చల్లే చెయ్యి. కవిత్వం రాయాలని ఆవిడ అనలేదు, అప్పటికప్పుడు గుండెల్లోంచి వచ్చింది. శోకాలను చదువుకున్న మనం నాటకంలా చూస్తాం, నలుగురిలో నామోషీ అనుకుంటాం. జాగ్రత్తగా విను ఎప్పుడైనా. శోకంలో ఆ మనిషి బతుకంతా వస్తుంది. ఏ ఊరి నుంచి కోడలై వచ్చింది, ఎన్ని కాన్పులు, ఏ కరువులో ఏ గింజలు తిన్నారు, ఎవరికి పెట్టింది, ఎవరు పెట్టలేదు. నిష్ఠూరాలు కూడా వస్తాయి. చెప్పకుండా పోతివి అంటారు, నన్నెవరి చేతుల్లో పెట్టి పోతివి అంటారు. చనిపోయిన మనిషి మీద కోప్పడటానికి మన ఊళ్లలో ఉన్న ఒకే ఒక్క అనుమతి అది.

ఇంకొకటి గమనించు. పరామర్శకు వచ్చినవాళ్లు అమ్మ గురించి నీతో మాట్లాడారు. మేనత్త అమ్మతోనే మాట్లాడింది. "వదినె" అని పిలిచి అడిగింది. శ్రీశ్రీ మహాప్రస్థానం తెరిస్తే మొదట్లోనే కొంపెల్ల జనార్దనరావు కోసం రాసిన కవిత ఉంటుంది. ఆ స్నేహితుడు పోయింది 1937లో, పుస్తకం వచ్చింది 1950లో. పదమూడేళ్ల తర్వాత కూడా ఆ పుస్తకం మొదటి పేజీల్లో స్నేహితుణ్ని నేస్తం అని పిలిచి, వెళ్లిపోయావా అని అడగడమే ఉంది. విశ్వనాథ సత్యనారాయణ గారు మొదటి భార్య వరలక్ష్మమ్మ గారు పోయాక వరలక్ష్మీ త్రిశతి రాశారు. త్రిశతి అంటే మూడు వందలు. ఒకటి రాస్తే తీరలేదు, పది రాసినా తీరలేదు. నువ్వేమో ఏడు నెలలకే ఎక్కడో ఇరుక్కుపోయానా అని అడుగుతున్నావు.

ఆ ఐదు దశల సంగతి ఇక్కడే చెప్పేస్తాను. అవి ఎలిజబెత్ కుబ్లర్-రాస్ అనే డాక్టరు 1969లో వచ్చిన తన పుస్తకంలో రాసినవి. ఆవిడ మాట్లాడింది చావు దగ్గర పడిన రోగులతో. వాళ్ల మనసులో ఏం జరుగుతుందో చెప్పడానికి రాసినవాటిని, ఆ తర్వాత అయినవాళ్లను పోగొట్టుకున్న అందరికీ అంటించారు. ఒకదాని తర్వాత ఒకటి వరసగా వచ్చే మెట్లు కావు అవి. నీకు కోపం రాకపోతే పరీక్షలో ఒక పేపర్ మిగిలిపోయినట్టు కాదు. అయినా ఆ రోజు మేనత్త మీద చిరాకు వేసిందన్నావు కదా. అదేమిటో ఒకసారి ఆలోచించు. నువ్వు ఏడవలేకపోతున్న చోట ఆవిడ గొంతెత్తి ఏడ్చింది.

ఇప్పుడు ఫోన్ గురించి. ఇక్కడ మాత్రం మీ ఆవిడ వైపు కొంత నిలబడతాను. నువ్వు వెతుక్కుని చదివే కవిత వేరు, ఫోన్ తనంతట తాను తెచ్చి పెట్టేది వేరు. ఒక్కటి చూస్తే అలాంటివే ఇరవై వస్తాయి. నల్ల బొమ్మ మీద తెల్లక్షరాలు, వెనక వాన చప్పుడు, లోకంలో ఎవరినీ నమ్మొద్దు, అందరూ స్వార్థపరులే అని. అమ్మ కోసం మొదలుపెట్టినవాడివి రెండింటికి ఎవరి మీద కోపంగా ఉన్నావో తెలియకుండా పడుకుంటావు. అవి నీ దుఃఖం మాటలు కావు. పద్యానికి ఆఖరి పాదం ఉంటుంది, అక్కడ ఊపిరి తీసుకుంటాం. వేలితో పైకి తోసే కొద్దీ వచ్చేవాటికి ఆఖరు లేదు. అందుకే తేలికపడే ఘడియ దాటిపోయి మళ్లీ బరువెక్కుతోంది.

మీ చెరువుకు మత్తడి ఒక్కటే కాదు, తూము కూడా ఉంటుంది. పొలానికి ఎంత కావాలో అంత వదిలి మళ్లీ మూస్తారు. చదువుకు అలాంటి వేళ ఒకటి పెట్టుకో. రాత్రి తొమ్మిదిన్నరకు అనుకో, అరగంట. ఫోన్ పక్క గదిలో పెట్టు. నీకు బాగా తగిలిన కవిత ఏదో ఒక్కటి నోట్‌బుక్‌లో చేత్తో రాసుకో. పైకి చదువు. గొంతు పట్టేస్తే ఆగు, మళ్లీ చదువు. మనసులో చదివితే కన్ను ముందుకు పరిగెడుతుంది. పైకి చదివితే గొంతు ఎక్కడ పట్టేసిందో నీకు తెలుస్తుంది. ఏ మాట దగ్గర పట్టేసిందో ఆ మాట కింద గీత గీసి పెట్టుకో, నీ అమ్మ అక్కడ ఉంది.

కొన్నాళ్లు అలా చదివాక ఎదుటి పేజీలో నీ మాటలు రాయి. అమ్మ గురించి వద్దు, అమ్మకు రాయి. "అమ్మా, 18న మళ్లీ అర లీటరే తెచ్చుకున్నావు" అని మొదలుపెట్టు. తర్వాత ఏం వస్తే అది. మంచిగా ఉండాలని చూడకు. జేమ్స్ పెన్నెబేకర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త 1986లో కాలేజీ విద్యార్థులతో ఇలాంటిదే చేయించాడు. మనసులో దాచుకున్న కష్టాన్ని వరసగా 4 రోజులు, రోజుకు 15 నిమిషాలు రాయమన్నాడు. రాసిన రోజు వాళ్లకు మనసు ఇంకా బరువెక్కింది. తర్వాతి నెలల్లో మాత్రం కాలేజీ ఆస్పత్రికి వెళ్లడం తగ్గింది. అయినవాళ్లను పోగొట్టుకున్నవాళ్ల విషయంలో తర్వాత జరిగిన పరిశీలనల్లో అంత స్పష్టమైన మేలు కనిపించలేదు కూడా. కాబట్టి ఇది మందు అని చెప్పను. రాస్తే ఊపిరి ఆడినట్టు అనిపిస్తే రాయి, పిండేసినట్టు అనిపిస్తే మూసెయ్.

ఉత్తరం చివర ఒక వాక్యం రాశావు. దాన్ని దాటేసి నేను ముందుకు వెళ్లను. అమ్మ దగ్గరికే వెళ్లిపోతే బాగుండు అనిపిస్తుంది అన్నావు. ఆవిడ ఒడిలో ఒక్కసారి తల పెట్టుకోవాలన్న ఆశతో చాలామందికి అలా అనిపిస్తుంది, అక్క పోయినప్పుడు నాకూ అనిపించింది. కానీ నిన్ను సూటిగా అడుగుతున్నాను. ఎలా వెళ్లాలి, ఎప్పుడు వెళ్లాలి అనే ఆలోచన ఎప్పుడైనా వచ్చిందా? వచ్చి ఉంటే ఈ ఉత్తరం ఇక్కడ ఆపి, ఈ రాత్రే మీ ఆవిడకు చెప్పు. సిగ్గు పడకు. 14416కి ఫోన్ చెయ్యి. అది ప్రభుత్వం నడిపే టెలీ మానస్, 2022 అక్టోబరులో మొదలైంది. డబ్బు కట్టక్కర్లేదు, పగలూ రాత్రీ ఉంటుంది, తెలుగులో మాట్లాడొచ్చు, పుణె నుంచైనా సరే.

అలాంటి ఆలోచన లేకపోయినా కొన్ని గుర్తులు చూసుకో. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022 నుంచి అమలు చేస్తున్న జబ్బుల పట్టికలో, ఆరు నెలలు దాటినా రోజూ అంతే తీవ్రంగా పట్టి ఉంచి, పని చేసుకోనివ్వని దుఃఖాన్ని చికిత్స అవసరమైనదిగా చేర్చారు. ఆరు నెలలు అనగానే నువ్వు తేదీలు లెక్కపెట్టుకుంటావేమో, వద్దు. మన ఇళ్లలో ఏడాది దాకా దుఃఖానికి చోటు ఉంది. ఆచారం ఎంతవరకు అంటుందో అది కూడా చూడాలనే వాళ్లూ రాశారు. నువ్వు చూసుకోవాల్సింది వేరే. అన్నం సయిస్తోందా, నిద్ర పడుతోందా, ఆఫీసు పని చేయగలుగుతున్నావా, పిల్లలు ఏదైనా చూపిస్తే నీ కళ్లు అటు తిరుగుతున్నాయా. వీటిలో చాలావాటికి లేదు అనే జవాబు వస్తే మంచి సైకియాట్రిస్ట్‌ను గానీ, కౌన్సెలర్‌ను గానీ కలువు. కాలు విరిగితే కట్టు కట్టించుకుంటాం కదా, ఇదీ అంతే.

మీ ఆవిడ సంగతి. ఆవిడ కూడా అత్తగారిని పోగొట్టుకుంది, ఆ మాట ఇంట్లో ఎవరైనా ఆవిడతో అన్నారా? పండక్కి వెళ్లిన ఆ ఐదు రోజులూ వంటింట్లో అమ్మ పక్కన నిలబడింది ఆవిడే. ఆ రెండు లీటర్ల పాలు ఏమయ్యాయో నీకు తెలియదు, ఆవిడకు తెలుసు. ఎంత తోడు పెట్టారు, పిల్లలకు ఎన్ని గ్లాసులు, పరమాన్నంలోకి ఎంత. క్యాలెండర్ తెచ్చి ఆవిడ ముందు పెట్టి అడుగు. ఏడుపు రాతలు మానెయ్ అన్న మనిషి ఆ రాత్రి నీకంటే ముందు ఏడవొచ్చు. ఆ కాగితం తిప్పాలా వద్దా అనేది కూడా ఇద్దరూ కలిసి చూసుకోండి. తిప్పకపోయినా కొంప మునిగిపోదు. మా ఇంట్లో అక్క రాసిన చాకలి పద్దు ఇప్పటికీ గోద్రెజ్ బీరువా తలుపు లోపలి వైపు అంటించే ఉంది.

ఇంకో నెల, నెలన్నరలో పెత్రమాస వస్తుంది. పెద్దలను తలుచుకునే రోజే మీ దగ్గర ఎంగిలిపూల బతుకమ్మ మొదలవుతుంది. ఒకే ఇంట్లో పొద్దున పోయినవాళ్ల కోసం బియ్యం ఇస్తారు, సాయంత్రం తంగేడు పూలు పేరుస్తారు. ఇంత దగ్గరగా ఆ రెండింటినీ పెట్టుకున్నవాళ్లు ఎంత తెలిసినవాళ్లో అని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది. మొదటి ఏడాది మీ ఇంట్లో ఆ పద్ధతి ఉందో లేదో పెద్దవాళ్లు చెప్తారు. ఉన్నా లేకపోయినా ఊరికి వెళ్లు. రెండు రోజులు సెలవు పెట్టు.

మేనత్త దగ్గరికి వెళ్లి కూర్చో. ఆ రోజు నీకు చిరాకు వేసిందని ఆవిడకు చెప్పాల్సిన పని లేదు. "అత్తా, ఆ రోజు అమ్మతో ఏమన్నవో నాకు సరిగ్గా గుర్తులేదు. సాన్పి సల్లే చెయ్యేది అన్నవు. దాని తర్వాత ఏమన్నవు?" అని అడుగు. మొదట గుర్తులేదు అంటుంది. అవి అప్పటికప్పుడు పుట్టే మాటలు, ఎవరికీ గుర్తుండవు. కాసేపు ఊరుకో, లేవకు. ఆవిడ మొదట మాటల్లో చెప్పడం మొదలుపెడుతుంది, మీ అమ్మ ఆ ఇంటికి వచ్చిన రోజు నుంచి. ఎక్కడో ఒక చోట ఆ మాట రాగంలోకి తిరుగుతుంది. తిరిగినప్పుడు ఫోన్ తీసి రికార్డు చేయకు. కండువా లేకపోతే చేతిరుమాలు దగ్గర పెట్టుకో.

సాన్పి సల్లే చెయ్యి తర్వాత ఏం వచ్చిందో నాకు రాయి.